ఒక రొట్టె, ఒక కుక్క, ఒక సందు: కియరోస్తమీ షార్ట్ ఫిల్మ్స్ రివ్యూ

"అసలు జీవితం అంటే ఏంటి?" అని హీరో ట్యాంక్‌బండ్ మీద కూర్చుని వాయిస్ ఓవర్‌లో అడిగే షార్ట్ ఫిల్ములు బోలెడు చూశాం కదా. ఇవాళ్టివి అలాంటివి కావండి. ఇరాన్ దర్శకుడు అబ్బాస్ కియరోస్తమీ, టెహ్రాన్‌లో పిల్లల కోసం పనిచేసే 'కానూన్' సంస్థకు తీసినవి.

మొదటిది 1970 నాటి 'రొట్టె, సందు'. బ్లాక్ అండ్ వైట్, పది నిమిషాల పైచిలుకు. కథ ఆయన సోదరుడు తఖీది. పిల్లాడు రొట్టె పట్టుకుని ఇంటికెళ్తుంటాడు, సందులో కుక్క అడ్డం. అంతే! డైలాగుల్లేవు. బ్రిటిష్ బ్యాండ్ బీటిల్స్ పాటకు జాజ్ కళాకారుడు పాల్ డెస్మండ్ శాక్సోఫోన్ వరస మాత్రం వినిపిస్తుంది, భలే హుషారుగా.

స్క్రిప్ట్ రాసేవాళ్లు కథ మెట్టు మెట్టుగా ఎలా నడుస్తుందో గమనించండి. వాడు ముందు వెనక్కి పరిగెడతాడు. తర్వాత చెవి మిషన్ పెట్టుకున్న ఓ ముసలాయన వెనకాల నక్కుతాడు. ఆయన కాస్తా పక్కకి తిరిగిపోతాడు. ఇక దిక్కులేక రొట్టె ముక్క విసిరితే, కుక్క తోకాడిస్తూ ఇంటిదాకా వస్తుంది. తలుపు పడుతుంది. మనవాళ్లయితే ఇక్కడ శుభం కార్డు వేసేస్తారు. ఇక్కడేమో కుక్క గుమ్మం దగ్గరే ఉంటుంది. గిన్నె పట్టుకుని ఇంకో పిల్లాడొస్తాడు, అది వాడి మీదికి లేస్తుంది, ఫ్రేమ్ ఆగిపోతుంది. మరి మొదటివాడి భయం తీరినట్టా, పక్కవాడికి బదిలీ అయినట్టా? ప్రశ్న నోటితో ఎవరూ అడగలేదు, చూశారా.

కుక్కా, పిల్లాడూ కలిసి ఇల్లు చేరేది ఒకే షాట్‌లో ఉండాలని దర్శకుడి పట్టు. ముక్కలుగా తీద్దామన్నాడు కెమెరామన్. ఆ షాట్ కోసం నలభై రోజులు ఆగారట! కట్ చేసి అతికిస్తే ఆ స్నేహం ఎడిటింగ్‌లో పుట్టిందని తెలిసిపోతుంది. పట్టు న్యాయమే.

1975లో తీసిన 'ఒక సమస్య, రెండు పరిష్కారాలు' నాకు కాస్త నీతిపాఠంలా తగిలింది. చిరిగిన పుస్తకానికి ప్రతీకారం ఒక దారి, జిగురు రెండో దారి. ఏది మంచిదో ముందే తెలిసిపోతుంటే ఆలోచించడానికి ఏం మిగిలింది?

1981 నాటి 'క్రమంగానా, క్రమం లేకుండానా' అలా కాదు. పిల్లలు మెట్లు దిగడం, నీళ్లు తాగడం, బస్సెక్కడం, ప్రతిదీ రెండుసార్లు: వరసగా ఒకసారి, తోసుకుంటూ ఒకసారి. ఆఖరికి కెమెరా నగరం కూడలికి వెళ్తుంది. అక్కడ క్రమం ఉన్న టేక్ తీద్దామంటే కుదిరి చావదు. పోలీసున్నా ఎవడూ ఆగడు!