ఈఎస్ఆర్ అంకె ఎలా పుడుతుంది?

శ్రోతలందరికీ నమస్కారం.

రక్తపరీక్ష రిపోర్టులో హిమోగ్లోబిన్, షుగర్ అన్నీ బాగానే ఉంటాయి. ఎర్రకణాలు కిందికి దిగే వేగాన్ని చెప్పే ఈఎస్ఆర్ దగ్గర మాత్రం 38 అని బొద్దు అక్షరాల్లో కనబడుతుంది. పక్కనే '0 నుంచి 20' అని ఉంటుంది. ఇక ఆ రాత్రి నిద్ర పట్టదు.

ఆ అంకె ఎలా పుడుతుందో చూద్దాం. రక్తం గడ్డకట్టకుండా సోడియం సిట్రేట్ కలిపి, సన్నటి గొట్టంలో నింపి, నిటారుగా నిలబెడతారు. ఎర్రకణాలు మెల్లగా కిందికి దిగుతుంటే పైన లేత పసుపు రంగులో ప్లాస్మా తేటపడుతుంది. గంట తర్వాత ఆ తేట ఎన్ని మిల్లీమీటర్లుందో, అదే ఈఎస్ఆర్. స్వీడన్ వైద్యుడు వెస్టర్‌గ్రెన్ 1921లో వివరించిన ఈ పద్ధతే ఇప్పటికీ ప్రమాణం. గొట్టం కాస్త పక్కకు వాలినా అంకె పెరిగిపోతుంది.

మామూలుగా ఎర్రకణాలు ఒకదాన్నొకటి దూరంగా నెట్టుకుంటాయి, వాటి పైపొరమీద రుణావేశం ఉంటుంది కనుక. ఒంట్లో ఇన్ఫెక్షనో, కీళ్లవాతంలాంటి వాపు జబ్బో ఉన్నప్పుడు కాలేయం ఫైబ్రినోజన్ అనే ప్రోటీన్‌ను ఎక్కువగా తయారుచేస్తుంది. అప్పుడు కణాలు నాణేల దొంతరలా అతుక్కుని గబగబా దిగిపోతాయి. జబ్బు ఎక్కడుందో, ఏమిటో ఆ గొట్టానికి తెలియదు.

పైగా రక్తహీనత ఉన్నా, గర్భిణి అయినా, వయసు మీదపడినా ఈఎస్ఆర్ పెరుగుతుంది. డాక్టర్లు వాడే ఒక ఉజ్జాయింపు లెక్క ఉంది: మగవారికి వయసులో సగం, ఆడవారికి వయసుకు పది కలిపి అందులో సగం. అంటే ఆ 38 అరవై ఆరేళ్ల ఆవిడకు హద్దులోనే ఉన్నట్టు. పాతికేళ్ల కుర్రాడిదైతే కారణం వెతకాలి.

జ్వరం తగ్గి, ఆకలి పుట్టాక కూడా ఈఎస్ఆర్ కొన్ని వారాలు దిగిరాదు. ఒంట్లో వాపును పట్టిచ్చే మరో రక్తపరీక్ష సీఆర్‌పీ అయితే త్వరగా తగ్గుతుంది. ఆ మిగిలిన అంకె కోసం సొంతంగా యాంటీబయాటిక్స్ వాడటం చూస్తే నాకు చాలా బాధేస్తుంది. దయచేసి ఆ పని చేయకండి.

100 దాటితే మాత్రం వాయిదా వేయకండి. యాభై దాటినవారికి కొత్తగా తలనొప్పి మొదలై, నమిలేటప్పుడు దవడ నొప్పి, చూపు మసక ఉంటే, ఈఎస్ఆర్ ఎంతున్నా అదే రోజు డాక్టర్‌ను కలవాలి. కణత దగ్గరి రక్తనాళం వాపు చూపును శాశ్వతంగా పోగొట్టగలదు. వెళ్లేటప్పుడు పాత రిపోర్టులు కూడా తీసుకెళ్లండి. నమస్కారం.