టీషర్టు మీద వాక్యం, దాని వెనక మంత్రసాని డైరీ

నమస్తే అండి. “బుద్ధిగా ఉండే ఆడవాళ్లు చరిత్రకెక్కడం అరుదు.” ఈ ఇంగ్లీషు వాక్యం కప్పుల మీదా టీషర్టుల మీదా చూసే ఉంటారు. దానికి ‘కాబట్టి తిరగబడండి’ అని అర్థం చెబుతుంటే నాకు ప్రాణం ఉసూరుమంటుంది. రాసినావిడ చెప్పింది అది కాదు.

ఆవిడ లారెల్ థాచర్ ఉల్‌రిచ్, అమెరికా చరిత్రకారిణి. అమెరికా ఈశాన్యంలోని న్యూ ఇంగ్లండ్‌లో ప్యూరిటన్ స్త్రీలు, అంటే కఠినమైన నియమాలు పాటించే ప్రొటెస్టంట్ క్రైస్తవ స్త్రీలు, చనిపోయినప్పుడు పాస్టర్లు చేసిన ప్రసంగాల మీద 1976లో రాసిన వ్యాసంలోది ఆ మాట. ఆ స్త్రీలు భక్తిగా బతికారు, గుర్తుపెట్టుకోమని ఎవర్నీ అడగలేదు. ఎవరూ గుర్తుపెట్టుకోలేదు కూడా. తప్పు ఎవరిదంటే, వాళ్లవైపు చూడని చరిత్రకారులది.

చూస్తే ఏం దొరుకుతుంది? మా అమ్మ వంటింటి క్యాలెండర్‌లో పాల లెక్క రాసేది. ఒక్క గడిలో ‘లీటరున్నర’, అంతే. ఏడాదంతా తిరగేస్తే మాత్రం చుట్టాలు ఎప్పుడొచ్చారో, చేతిలో డబ్బాడక ఎప్పుడు అర లీటరుకు దిగామో తెలిసిపోతుంది.

మార్తా బల్లార్డ్ డైరీ అలాంటి పాల క్యాలెండరే, కాకపోతే 27 ఏళ్లది. అమెరికాలో ఇప్పటి మెయిన్ రాష్ట్రంలో, కెనెబెక్ నది ఒడ్డున హాలోవెల్ అనే ఊళ్లో ఆమె మంత్రసాని. 1785 నుంచి 1812 దాకా రాసింది. వాన పడింది, ఫలానా ఇంట్లో కాన్పు, ఇచ్చింది ఆరు షిల్లింగులు, ఇంత బట్ట నేశాం. ముందు చూసినవాళ్లు ఇందులో ఏముందని పక్కన పెట్టేశారు. ఉల్‌రిచ్ గడి గడీ లెక్కపెట్టారు. 816 కాన్పులు తేలాయి! 1789 ఏప్రిల్‌లో ఒకరోజైతే మార్తా గాలివానలో పడవెక్కి నది దాటింది, తేలుతున్న దుంగల మీద వాగు దాటింది. పెద్ద చెట్టు వేళ్లతో సహా ఎదురుగా కూలితే గుర్రం బెదిరి వెనక్కి గెంతింది. అయినా వెళ్లింది.

ఆ గడుల్లోంచే ఇంకోటి బయటపడింది. నూలు, బట్ట, కూరగాయలతో ఆడవాళ్లు తమలో తాము నడుపుకున్న ఇచ్చిపుచ్చుకోళ్లు. మగవాళ్ల ఖాతా పుస్తకాల్లో వీటి జాడ దొరకడం కష్టం.

టైమ్ అయిపోతోంది, మిగతాది గబగబా చెప్పేస్తాను. ఉల్‌రిచ్ ఐదుగురు పిల్లల తల్లి, పీహెచ్‌డీ వచ్చేసరికి 1980, నలభై దాటాయి. డైరీ మీద పుస్తకం 1990లో, దానికి పులిట్జర్ బహుమతి 1991లో. 1995లో హార్వర్డ్ యూనివర్సిటీలో చేరారు. 2001లో చేనేత బట్టలూ బుట్టలూ పట్టుకుని ఇంకో పుస్తకం రాశారు, అక్కడా పాల క్యాలెండర్ పద్ధతే. 2007లో ఆ వాక్యాన్నే పేరుగా పెట్టి మరొకటి.

మార్తా డైరీ అసలు ప్రతి మెయిన్ రాజధాని అగస్టాలోని మెయిన్ స్టేట్ లైబ్రరీలో ఉంది, ఆన్‌లైన్‌లోనూ చదవొచ్చు. ముందు 1789 ఏప్రిల్ పేజీలు తీయండి.