నోటుకు కాలదోషం పట్టేలోపు

అందరికీ నమస్కారం.

అప్పు తీసుకున్నవాడు మొహం చాటేస్తే మన ఊళ్లో మొదట వినిపించే మాట, ‘స్టేషన్‌కు పిలిపిద్దాం’. కోర్టు మాట ఆఖరున గుర్తొస్తుంది. ఆ ఆఖరు చాలాసార్లు గడువు దాటాకే వస్తుంది.

నా దగ్గరకు ఒక రైతు వచ్చాడు. మూడు లక్షలు, నూటికి రెండు రూపాయల వడ్డీ, ప్రామిసరీ నోటు పక్కాగా ఉంది. ఏడాదిన్నర స్టేషన్ చుట్టూ తిరిగాడు. అక్కడ బాకీదారు చేత తెల్ల కాగితం మీద ‘సంక్రాంతికి ఇచ్చేస్తాను’ అని రాయించి సంతకం పెట్టించారు. పండగ వెళ్లింది, డబ్బు రాలేదు. నోటు తేదీ చూశాను. మూడేళ్లు దాటి పంతొమ్మిది రోజులు. కోరినప్పుడు చెల్లిస్తానన్న నోటుకు గడువు నోటు తేదీ నుంచి మూడేళ్లే. స్టేషన్‌కు తిరిగిన రోజులను కోర్టు మినహాయించదు.

‘మరి ఆ కాగితం ఏది?’ అన్నాను. స్టేషన్‌లోనే ఉండిపోయిందట, నకలు కూడా లేదు. గడువులోపల బాకీ ఉన్నట్టు ఒప్పుకుని సంతకం చేస్తే, ఆ తేదీ నుంచి మళ్లీ మూడేళ్లు వస్తాయి. 1963 నాటి కాలపరిమితి చట్టం 18వ సెక్షన్ చెప్పేది అదే. కొంత సొమ్ము ముట్టినప్పుడు నోటు వెనుక చెల్లు రాసినా అంతే. కాకపోతే ఆ చెల్లు బాకీదారు చేతిరాతతో గానీ, సంతకంతో గానీ ఉండాలి. మీరు రాసుకున్న చెల్లు పనికిరాదు.

పోలీసులను తప్పుపట్టడం నా ఉద్దేశం కాదు. అప్పు వసూలు వాళ్ల పని కాదు, అంతే. తీర్చలేకపోవడం మోసం కాదు. తీసుకునేనాడే ఎగ్గొట్టే ఉద్దేశం ఉంటేనే మోసం. అప్పట్లో 420, 2024 జూలై 1 నుంచి భారతీయ న్యాయ సంహితలో 318. సివిల్ తగాదాలకు క్రిమినల్ రంగు పులిమే ధోరణి పెరుగుతోందని సుప్రీంకోర్టు 2006లోనే మందలించింది.

చెక్కు సంగతి వేరు. అది తిరిగి వచ్చిందని బ్యాంకు తెలిపిన ముప్పై రోజుల్లో నోటీసు పంపాలి. నోటీసు అందాక అవతలివాడికి పదిహేను రోజులు, ఆ తర్వాత నెలలోపు మేజిస్ట్రేటు దగ్గర ఫిర్యాదు. ఇదీ స్టేషన్‌లో తేలేది కాదు.

దావా అంటే ఏళ్లూ పూళ్లూ అని మీరు అనుకోవడంలో అబద్ధమేమీ లేదు. నోటు మీద సివిల్ ప్రొసీజర్ కోడ్‌లోని ఆర్డర్ 37 కింద దావా వేస్తే కొంత నయం: కోర్టు అనుమతి లేనిదే ప్రతివాది వాదించలేడు. ఆస్తి అమ్ముకుని జారుకునేలా ఉంటే, ఆధారాలు చూపి తీర్పుకు ముందే జప్తు కోరవచ్చు. అసలు తంటా డిక్రీ, అంటే కోర్టు తీర్పు ఉత్తర్వు, వచ్చాక సొమ్ము రాబట్టుకోవడంలోనే మొదలవుతుంది. అతను ఐ.పి., అంటే దివాలా పిటిషన్, పెట్టాడంటే మీరూ మిగతా అప్పులవాళ్ల వరుసలో నిలబడాల్సిందే. ఇద్దరికీ రాజీ ఇష్టమైతే దావా వేయకుండానే లోక్ అదాలత్‌కు వెళ్లండి. కోర్టు ఫీజు ఉండదు, అక్కడి అవార్డుకు, అంటే తీర్పుకు, డిక్రీతో సమానమైన బలం, దాని మీద అప్పీలు లేదు.

ఇక ప్రశ్నలు అడగండి. నోటు వెంట తెచ్చుకున్నవాళ్లు ముందు రండి, తేదీలు చూద్దాం.