హైకోర్టులో గెలిచాం... మరి సీటేది?

[ఆంధ్రా యూనివర్సిటీ (ఏయూ) ఔట్ గేట్ దగ్గర, పొద్దున్న. వ్యాఖ్యాత చేతిలో టీ గ్లాసు]

నమస్కారం. కౌన్సెలింగ్ రోజులొస్తే వైజాగ్‌లో ఇలాంటి టీ కొట్ల దగ్గర ఒక మాట వినిపిస్తుంటుంది: "హైకోర్టులో గెలిచామండీ, అయినా సీటు ఇవ్వట్లేదు."

గాజువాకలో ఒక అమ్మాయి ఉందనుకుందాం. ఏయూ రీజియన్ లోకల్ కోటాలో, అంటే ఈ ప్రాంతం వాళ్ళకు కేటాయించిన సీట్లలో, సీటు రావాలి. సర్టిఫికెట్ చెల్లదని ఉన్నత విద్యా అధికారులు తోసేశారు. వాళ్ళ నాన్న అమరావతిలో హైకోర్టుకు వెళ్ళి, రాజ్యాంగం 226వ అధికరణ కింద రిట్ పిటిషన్, అంటే అధికారుల నిర్ణయాన్ని సవాలు చేసే అర్జీ, వేయించారు. సింగిల్ జడ్జి విని, సీటు ఇవ్వమన్నారు. ఇంట్లో స్వీట్లు పంచారు. పంచనీండి, తప్పేం లేదు. అదే రోజు లాయరుకు ఇంకో ఫోన్ చేయకపోవడమే తప్పు.

[తెర మీద: సింగిల్ జడ్జి, పైన డివిజన్ బెంచ్, ఆ పైన సుప్రీంకోర్టు]

ఓడినవాళ్ళకు అదే హైకోర్టులో ఇంకో మెట్టుంది, రిట్ అప్పీల్. ఇద్దరు జడ్జీల డివిజన్ బెంచ్ వింటుంది. గడువు 30 రోజులు. తీర్పు సర్టిఫైడ్ కాపీ రావడానికి పట్టిన రోజుల్ని లెక్కలోంచి తీసేస్తారు. గడువు దాటితే ఆలస్యాన్ని మన్నించమని అడగొచ్చు, చూపే కారణం నమ్మేలా ఉండాలి.

ఇక్కడ కాస్త ఆగుదాం. అప్పీలు వేసినంత మాత్రాన తీర్పు ఆగదు. స్టే, అంటే తీర్పు అమలును ఆపే ఆర్డర్, వస్తేనే ఆగుతుంది. "అప్పీలుకు వెళ్ళాం, ఆగండమ్మా" అని ఆఫీసులో అంటే, "స్టే ఆర్డర్ ఉందా సార్?" అని అడగండి. మర్యాదగానే. మీకు తెలియకుండా స్టే రాకూడదంటే గెలిచిన వెంటనే కేవియట్ వేయించండి. నా మాట కూడా విన్నాకే ఆర్డర్ ఇవ్వండి అని ముందుగానే కోర్టుకు చెప్పుకోవడమన్నమాట. 90 రోజులు పనిచేస్తుంది. తర్వాత మళ్ళీ వేసుకోవాలి.

ఓడింది మీరే అయితే? అది మార్కుల కేసైతే బెంచ్ మీ పేపరు దిద్దదు. రీవాల్యుయేషన్‌కు నిబంధనల్లో చోటు లేకపోతే కోర్టులు దాదాపుగా జోక్యం చేసుకోకూడదని సుప్రీంకోర్టు 2018లో మళ్ళీ చెప్పింది. రెండు మార్కుల కోసం అమరావతి దాకా ప్రయాణం పెట్టుకునే ముందు ఇది ఆలోచించండి. నిబంధన ఒకటుంటే అధికారులు ఇంకోటి చేశారా, అక్కడ మాత్రం మీకు బలముంది.

డివిజన్ బెంచ్ దగ్గరా ఓడితే, సుప్రీంకోర్టుకు వెళ్ళడానికి గడువు 90 రోజులు. అక్కడ ముందు అనుమతి దొరకాలి, అది హక్కు కాదు.

ఈలోగా అడ్మిషన్లు మూసేస్తే? అసలు టెన్షన్ అదే. మన రాష్ట్రం నుంచి వెళ్ళిన ఒక ఎంబీబీఎస్ సీటు కేసులో 2019 డిసెంబరులో సుప్రీంకోర్టు, విద్యార్థి తప్పేమీ లేకుండా సీటు పోతే అరుదైన సందర్భాల్లో మరుసటి ఏడాదైనా ఇవ్వొచ్చంది. కానీ ఆలస్యం చేయకుండా కోర్టుకు వచ్చి ఉండాలి. కాబట్టి ఆ అమ్మాయి నాన్న కోర్టుకు ఏ తేదీన వెళ్ళారన్నది చిన్న విషయం కాదు.

[టీ గ్లాసు పక్కన పెట్టి]

అన్నట్టు, అప్పీలులో కొత్త కాగితాలు చేర్చడం కష్టం. అందుకే మొదటి రోజు యూనివర్సిటీలో ఇచ్చిన అర్జీ మీదే "అందినది" అని ముద్ర, తేదీ వేయించుకోండి. ముద్ర వేయబోమంటే? స్పీడ్ పోస్టులో పంపి, రసీదు దాచండి.