పహణీలో తొమ్మిది గుంటల ఖరాబు

అందరికీ నమస్కారం.

బెంగళూరు చుట్టుపక్కల వర్తూరు, సర్జాపుర, హొసకోటె వైపు నుంచి చాలామంది వచ్చారు. ఇంట్లో తెలుగు, భూమి కాగితాలేమో కన్నడం. ఆ కాగితాల్లో ఒక్క మాట గురించే ఈరోజు మాట్లాడతాను. ఆ మాట ఖరాబు, అంటే సర్వేలో శిస్తు వేయకుండా పక్కన పెట్టిన జాగా. వకీలుగా నా దగ్గరికొచ్చే తగాదాల్లో దీన్ని ఆలస్యంగా చదువుకుని ఏడ్చినవాళ్లను ఎంతోమందిని చూశాను.

పహణీలో, అంటే భూమి ఎవరిది, ఎంత అని చెప్పే రెవెన్యూ కాగితంలో, విస్తీర్ణం గడి చూడండి. మొత్తం 3 ఎకరాల 12 గుంటలు అని ఉందనుకుందాం. దాని కింద ఫూట్ ఖరాబు ‘అ’, ఫూట్ ఖరాబు ‘బ’ అని రెండు వరసలుంటాయి. ‘బ’ ఎదురుగా 9 గుంటలు ఉంటే, మీకు మిగిలేది 3 ఎకరాల 3 గుంటలు. మన తాతలు ఈ లెక్క పట్టించుకోలేదు. ఆ తొమ్మిది గుంటలకు కందాయం కట్టే పని లేదని సంతోషించారు కూడా. ఖరాబు పుట్టిందే అందుకు: సర్వేలో పంట రాని జాగాను వేరు చేసి, దానిమీద శిస్తు వేయలేదు.

‘అ’ని ఏ ఖరాబు అనీ, ‘బ’ని బి ఖరాబు అనీ అంటాం. 1966 నాటి కర్ణాటక భూ కందాయ నియమాల్లో 21వది ఈ రెంటినీ విడదీసింది. సాగుకు పనికిరాని నేల, కళ్లం, పొలంలో కట్టుకున్న కొట్టం ఏ ఖరాబు. అది రైతుదే. బండిదారి, చెరువు, వాగు, శ్మశానం లాంటివి బి ఖరాబు. అది ఊరందరిదీ. రాగులు పండినన్నాళ్లూ ఈ తేడా ఎవరికీ అక్కర్లేదు. గుంట లక్షల్లో పలికే రోజులొచ్చాక, కర్ణాటక భూ కందాయ చట్టం 95వ సెక్షన్ కింద భూమిని వ్యవసాయేతరానికి మార్పించుకోబోతే, ఆ ఒక్క అక్షరం దగ్గర పని ఆగిపోతుంది.

నా దగ్గరికొచ్చిన ఒక కుటుంబం సంగతి చెబుతాను. కంప్యూటర్ పహణీలో 9 గుంటలు బి ఖరాబు. చేతిరాత పహణీ తీయిస్తే, ఏ అనీ లేదు, బి అనీ లేదు. ఉత్త ‘ఖరాబు 9’ అని ఉంది. కంప్యూటర్‌కెక్కించేటప్పుడు బి గడిలో పడింది. టిప్పణి, అంటే సర్వేలో గీసిన పొలం పటం, నకలు తెప్పించాం. బండిదారి గీత గట్టుకు అవతల, పక్క సర్వే నంబరులో ఉంది. జాగా చూడ్డానికి వెళ్తే ఆ ఇంటి అవ్వ ముందు నడిచింది. కంపచెట్ల మధ్య ఆగి, కాలితో మట్టి తోసి చూపింది. రాగులు నూర్చే రాతి గుండు, సగం భూమిలో దిగబడి ఉంది. ఆ ఇంటి కళ్లం అది. ఆమె సాక్ష్యం నమోదయ్యేలోపే పోయింది. ఆ బాధ నాకింకా తీరలేదు.

చట్టం ఏమంటుందంటే, పహణీలో రాసింది తప్పని రుజువయ్యేదాకా నిజమనే అనుకోవాలి. 1964 నాటి భూ కందాయ చట్టం 133వ సెక్షన్ అది. తప్పని చూపించే బరువు మనదే. అయితే రాసినంత మాత్రాన హక్కు పుట్టదు, పోదు. మ్యుటేషన్, అంటే పహణీలో హక్కుదారు పేరు మార్చడం, దాని విషయంలో సుప్రీం కోర్టు 1996లో ఈ మాట చెప్పింది, తర్వాత కూడా చెబుతూ వచ్చింది. మ్యుటేషన్ ఉత్తర్వు మీద 136వ సెక్షన్ కింద అసిస్టెంట్ కమిషనర్ దగ్గర అప్పీలు ఉంది, ఆ పైన డిప్యూటీ కమిషనర్ దగ్గర రివిజన్. హక్కే తగాదాలో ఉంటే సివిల్ కోర్టుకు పోవాల్సిందే.

ఇంకోమాట, కొందరికి నచ్చకపోవచ్చు. నిజంగానే రాజకాలువ, అంటే వాననీళ్లు పోయే పెద్ద కాలువ, ఉన్నచోట దాన్ని ఏ ఖరాబుగా మార్పించమని వచ్చేవాళ్లున్నారు. అలాంటి కేసు నేను తీసుకోను. ఊరి చెరువుల్ని, ఉమ్మడి జాగాల్ని ఆక్రమించినవాళ్లను ఖాళీ చేయించాలని 2011లో జగ్‌పాల్ సింగ్ కేసులో సుప్రీం కోర్టు అన్ని రాష్ట్రాలకూ చెప్పింది. కాలువ పూడితే వానాకాలంలో నీళ్లు ఎవరిళ్లలోకి వస్తాయో ఇక్కడ కూర్చున్నవాళ్లకు నేను చెప్పక్కర్లేదు. కళ్లాన్ని కాలువని రాసినా తప్పే, కాలువను కళ్లమని రాయించినా తప్పే.

అందుకే అమ్మేటప్పుడు కాదు, ఇప్పుడే టిప్పణికీ పాత పహణీలకూ అర్జీ పెట్టండి. ఇంట్లో పెద్దవాళ్లుంటే పొలానికి తీసుకెళ్లి దారి ఎక్కడ, కళ్లం ఎక్కడ అని అడిగి, వాళ్లు చెప్పింది రాసిపెట్టుకోండి.

పహణీలు తెచ్చుకున్నవాళ్లు ముందు వరసలోకి రండి. విస్తీర్ణం గడి నుంచి మొదలుపెడదాం.