ఎండాకాలమని కుక్కకి గుండు చేయించకండి

[తెరపై: డాబా మెట్ల నీడలో రొప్పుతూ పడుకున్న పొమేరియన్]

నమస్తే అండి. మాది బెజవాడ. మే నెల వస్తే ఇంద్రకీలాద్రి రాయి రాత్రి తొమ్మిదింటికీ సెగలు కక్కుతూనే ఉంటుంది. రోహిణి కార్తెకి రోళ్లు పగులుతాయంటారు కదా, అలాంటి ఎండలో ఒంటినిండా బొచ్చుతో ఉన్న కుక్కని చూస్తే ప్రాణం ఉసూరుమంటుంది. నాకూ అలాగే అనిపించి మా బన్నీకి మిషన్ వేయించాను. ఆ తప్పు మీరు చేయకూడదనే ఈ వీడియో.

[దగ్గరగా: వేళ్లతో బొచ్చు విడదీస్తూ]

ఇలా పాయ తీసి చూడండి. పైన పొడుగ్గా, కాస్త గరుగ్గా ఉన్నది ఒక పొర. కింద చర్మాన్ని అంటుకుని బూరుగు దూదిలా ఉన్నది ఇంకో పొర. లాబ్రడార్, గోల్డెన్ రిట్రీవర్, జర్మన్ షెపర్డ్‌లకీ ఇంతే. పైపొర ఎండకి గొడుగు. కుక్కకి మనలా ఒళ్లంతా చెమట పట్టదు, ముఖ్యంగా రొప్పుతూనే వేడి దింపుకుంటుంది. అందుకే బొచ్చు గొరిగేస్తే, మనకి చొక్కా విప్పినంత హాయి దానికి రాదు. పైగా చర్మం కమిలిపోతుంది. పొమేరియన్లకైతే ఒక్కోసారి బొచ్చు మళ్లీ సరిగా రాదు. బన్నీ నడుము మీద అరచేయంత మేర ఏడాది దాకా నున్నగానే ఉండిపోయింది. నిమిరినప్పుడల్లా నా చెయ్యి అక్కడే ఆగిపోయేది.

గొరగడం కాదు, దువ్వాలి. శివరాత్రి దాటి పొద్దు పెరిగేకొద్దీ లోపలి దూది రాలడం మొదలవుతుంది. వేడి కన్నా పగటి వెలుతురే దానికి పెద్ద సంకేతం. రాత్రి పదకొండు దాకా ట్యూబ్‌లైట్ కింద ఉండే కుక్కలకి ఏడాది పొడవునా కొంచెం కొంచెం రాలుతుంటుంది, టెన్షన్ పడకండి. వారానికి మూడు నాలుగుసార్లు దువ్వితే చాలు. చెవుల వెనక, తొడల వెనక, తోక మొదట్లో చూడండి, చిక్కులన్నీ అక్కడే. స్నానానికి ముందే విడదీయాలి. చిక్కు తడిస్తే ముడి బిగుస్తుంది.

[తెరపై: వాన, తడిసిన కుక్క, పొడి తువ్వాలు]

నన్నడిగితే ఎండాకాలం కన్నా వానాకాలమే గడ్డు కాలం. పైన ఆరినట్టే ఉంటుంది, లోపలి దూది తడిగానే ఉంటుంది. ఆ ఉక్కకి చర్మం ఎర్రబడి, రసి కారుతుంది. తువ్వాలుతో అద్ది, ఫ్యాన్ కింద కూర్చోబెట్టి, వేళ్లు చర్మం దాకా పోనిచ్చి చూడండి. కాలి వేళ్ల సందులు మరచిపోవద్దు.

ఇక గోమార్లు. చెవి లోపల, మెడ పట్టీ కింద, వేళ్ల మధ్య వెతకండి. కిరసనాయిలు పూయకండి, చర్మం కాలుతుంది. పట్టకారుతో చర్మానికి ఆనించి పట్టుకుని, మెలిపెట్టకుండా నిదానంగా పైకి లాగండి. గోళ్లతో నలపొద్దు. ఒక్క ఆడ గోమారి వేల గుడ్లు పెడుతుంది, అదీ కుక్క మీద కాదు, గోడ పగుళ్లలో. కుక్కకి ఎంత మందు వేసినా, పడుకునే చోటు శుభ్రం చేయకపోతే మళ్లీ వస్తాయి.

చలికాలం మనకి పెద్ద పని లేదు. ధనుర్మాసం మంచులో పొద్దున్నే స్నానం చేయించకుండా, మధ్యాహ్నం ఎండలో చేయించండి. షాంపూ మాత్రం కుక్కలదే. మనది వాటి చర్మాన్ని పొడిబారుస్తుంది.

[దగ్గరగా: పై పెదవి ఎత్తి చిగుళ్లు చూపిస్తూ]

గోమార్లు పట్టిన కుక్క తిండి మానేసి, ఒళ్లు కాలుతుంటే, ఇలా పెదవి ఎత్తి చూడండి. గులాబీ రంగు పోయి చిగుళ్లు పాలిపోయి ఉంటే, తెల్లారే దాకా ఆగకండి. ఆ రోజే పశువుల డాక్టర్ దగ్గరికి తీసుకెళ్లండి.