మేస్త్రి నంబరు ఒక్కటే చాలదు

పెద్దలకు నమస్కారం. డిగ్రీ, ఐటీఐ చదివే పిల్లలు ఎక్కువమంది వచ్చారు కాబట్టి మీతోనే మాట్లాడతాను.

ఊరు వదలొద్దని నేను చెప్పను. ఆ మాట మైకు పట్టుకుని చెప్పే పెద్దల పిల్లలు బెంగళూరులోనే ఉంటారు, అది వేరే సంగతి. వంశధార కాలువ నీళ్లు అందని పొలంలో ఒక్క వరి పంట చేతికొచ్చాక ఇంటిల్లిపాదికీ పనెక్కడిది? 2018 అక్టోబరులో తిత్లీ తుపాను మన శ్రీకాకుళం జిల్లా ఉద్దానం కొబ్బరి, జీడి తోటల్ని నేలమట్టం చేసింది. కొత్త మొక్క కాపుకొచ్చేదాకా అప్పులవాళ్లు ఆగుతారా? అందుకే సంక్రాంతి వెళ్లగానే ఆమదాలవలస స్టేషన్లో జనరల్ బోగీల దగ్గర అంత తోపులాట.

నా గోలంతా వెళ్లే తీరు గురించి. పనికి తీసుకెళ్లే మేస్త్రి ఇచ్చిన అడ్వాన్సు ఇంట్లో ఇచ్చేసి, బియ్యం మూట, రెండు జతల బట్టలు, ఫోన్లో మేస్త్రి నంబరు పట్టుకుని బయల్దేరతారు. కంపెనీ పేరేంటంటే "మేస్త్రికి తెలుసు" అంటారు.

2014 జూన్ 28న చెన్నై మౌలివాక్కంలో కడుతున్న భవనం కూలి 61 మంది చనిపోయారు. అందులో మన శ్రీకాకుళం, విజయనగరం కూలీలు చాలామంది. హాజరు పట్టీలో పేరు లేని మనిషికి ఏమైనా అయితే, మావాడు అక్కడే పనిచేసేవాడని రుజువు చేసుకోవడం కూడా ఇంటివాళ్ల నెత్తినే పడుతుంది. నిజానికి వేరే రాష్ట్రానికి వెళ్లే వలస కూలీకి కాంట్రాక్టరు ఫొటో ఉన్న పాసుపుస్తకం, దారి ఖర్చులు ఇవ్వాలని 1979లోనే చట్టం చేశారు. అలాంటి పుస్తకం చూసినవాళ్లు ఈ హాల్లో ఉంటే చెయ్యెత్తండి. చూశారా!

రాష్ట్రం విడిపోయాక హైదరాబాద్ కూడా మనకు పొరుగు రాష్ట్రమే, అక్కడికి వెళ్లినా వేరే రాష్ట్రానికి వెళ్లినట్టే. ఈ సంగతి మనవాళ్లకింకా తలకెక్కలేదు.

మత్స్యకారుల కథా ఇంతే. ఇంత పొడవు తీరం ఉండి కూడా వేట గిట్టక గుజరాత్ బోట్లెక్కారు. వాళ్లలో కొందరు 2018 నవంబరులో పాకిస్తాన్‌కు పట్టుబడి, 2020 జనవరిలో గానీ వాఘా సరిహద్దు దాటలేదు.

రైలెక్కే ముందు కాంట్రాక్టరు పేరు, సైటు అడ్రసు రాయించి ఇంట్లో ఒక కాపీ పెట్టండి. రోజుకూలి ఎంతో వాట్సాప్‌లో మేస్త్రి చేతే మెసేజ్ పెట్టించండి. డబ్బు బ్యాంకులో వేయమనండి. అసంఘటిత కార్మికుల కోసం 2021లో మొదలైన కేంద్ర ప్రభుత్వ పోర్టల్ ఈ-శ్రమ్‌లో పేరు ఎక్కించుకోండి. ఆధార్, బ్యాంకు పుస్తకం తెచ్చినవాళ్లు ఆగండి, వెనక బెంచీల దగ్గర మా కుర్రాళ్లు ల్యాప్‌టాప్‌లతో ఉన్నారు. పైసా కట్టక్కర్లేదు.